ఐదువందల పన్నెండో నంబరు కుర్చీ

తాళాలాయన టీ తాగి వచ్చేసరికి ఆయన కుర్చీకి నంబరు పడిపోయింది.

అది రోజువారీ వస్తువుల మ్యూజియం. దువ్వెన, గుండీ, తాళంకప్ప, ఏది చూసినా దాని వెనక ఓ చరిత్ర, ఆ చరిత్రకో బోర్డు. ఇరవై రెండేళ్లుగా గుమ్మం దగ్గర కాపలా కాస్తున్న తాళాలాయనకు అవన్నీ కంఠతా వచ్చు. కొత్తగా వచ్చిన ఆఫీసరు మహా చాదస్తం మనిషి. నంబరు లేని వస్తువు కంటబడితే ఆయనకు ముద్ద దిగదు. ఖాళీగా కనిపించిన కుర్చీకి 512 అని అంటించి, చుట్టూ తాడు కట్టించాడు.

"అయ్యా, అది నేను కూర్చునేదండీ!"

"రిజిస్టర్లోకెక్కాక ఎవరూ ముట్టుకోకూడదయ్యా. దానికి చరిత్ర లేదని రుజువు చెయ్యి, తీసేస్తా."

అలా తాళాలాయన తన కుర్చీకి తనే నిలబడి కాపలా కాయాల్సి వచ్చింది. వారం తిరిగేసరికి మోకాళ్లు మొరాయించాయి.

"వట్టి డొక్కు కుర్చీ అండీ. కాలు విరిగితే గొడుగు కర్రతో నేనే కట్టాను."

"అద్భుతం!" అని ఆఫీసరు ఆ ముక్క కూడా బోర్డు మీద రాయించాడు. నల్లులుండేవని చెబితే నల్లుల గురించి రాయించాడు. బోర్డు కుర్చీని మించిపోయింది. తాళాలాయనకు ఏడుపొక్కటే తక్కువ.

"కొలువులో చేరిన పదో ఏట నా పని మెచ్చుకుని ఆఫీసే ఇచ్చిందండీ. ఆఫీసు కుర్చీకి చరిత్రేముంటుంది?" అన్నాడు చివరికి. ఫైళ్లన్నీ తిరగేశారు. అలాంటి కాగితమే లేదు. సాక్ష్యానికి ఆయన భార్యను పిలిపించారు. మెడలో టేపుతో, కుడుతున్న పని వదిలేసి వచ్చిందావిడ.

"ఆఫీసూ లేదు, గాడిదగుడ్డూ లేదు. అది నా కుట్టుమిషను ముందుండేది. ఈయన రోజూ మోకాళ్లు పట్టుకుని ఇంటికొస్తుంటే చూళ్లేక, ఆఫీసే ఇచ్చిందని అప్పటి గుమస్తాగారితో చెప్పించాను."

తాళాలాయన ఇన్నేళ్లూ ఆ కుర్చీ గురించి ఆవిడ దగ్గరే కోతలు కోశాడు!

"మరి నువ్వు?"

"ట్రంకుపెట్టె మీద కూర్చుని కుడుతున్నాగా."

"ఒక్క మాట నాతో అనొచ్చుగా?"

"అంటే కూర్చునేవారా?"

కూర్చునేవాడు కాదు.

ఆఫీసరు కళ్లు తుడుచుకుంటూ అంతా రాసుకున్నాడు. "ఇక ఇది జన్మలో ఇక్కణ్ణుంచి కదలదు" అన్నాడు. అయినా మనసు కరిగి, ఆ సాయంత్రమే తాళాలాయనకు కొత్త కుర్చీ ఇప్పించాడు. ఆయన దాన్ని నెత్తిన పెట్టుకుని తిన్నగా ఇంటికి నడిచి, కుట్టుమిషను ముందు దించాడు.

"కూర్చో. ఇది నిజంగా ఆఫీసు ఇచ్చిందే."

"మరి మీ మోకాళ్ల సంగతి?"

"వాటికీ నంబరు వేయించేస్తాలే."