‘గ్లోమింగ్’ మీద గీత పడిన రోజు

2004 జూన్‌లో, వేసవి సెలవులు ముగిసి కోర్టులు తెరిచిన వారంలోనే, నన్ను విశాఖపట్నం నుంచి అనకాపల్లికి బదిలీ చేశారు. నా హోదా ట్రాన్స్‌లేటర్. సూపరింటెండెంటుకు కింద, నకళ్లు రాసేవారికి పైన ఉండే కొలువు అది. అలాంటి ఉద్యోగం ఒకటుందని బయటివాళ్లకు తెలియదు. మా చుట్టాల్లో సగంమంది నేను రిటైరయ్యేదాకా నన్ను టైపిస్టుననే అనుకున్నారు. చెప్పీ చెప్పీ నా నోరు నొప్పెట్టింది గానీ వాళ్ల అభిప్రాయం మారలేదు.

పని సంగతి కొంచెం చెప్పాలి. శిక్ష పడిన మనిషి హైకోర్టుకు అప్పీలు చేసుకుంటే కేసు రికార్డంతా హైదరాబాదు వెళ్తుంది. సాక్షులు బోనులో నిలబడి తెలుగులో చెప్పినదాన్ని ఇంగ్లిషులోకి మార్చి ఆ కట్టలో పెట్టాలి. తెలుగు మూలం కూడా వెళ్తుంది. కానీ బెంచి మీద తెలుగు రాని జడ్జిగారుంటే ఆయన చదివేది మా ఇంగ్లిషే. ఒక్కో సాక్ష్యం చివర ‘ఇది మూలానికి సరైన తర్జుమా’ అని రాసి సంతకం పెడతాం. అది పడ్డాక, ఎక్కడో చేలగట్టు మీద గడ్డి కోసుకునే మనిషి చెప్పిన మాట, అక్కడ నేను చెప్పిన మాట అయిపోతుంది.

మా సెక్షన్లో ఇద్దరం. నా పైన సీనియర్ ట్రాన్స్‌లేటర్ సన్యాసిరావు గారు. కశింకోట నుంచి రోజూ షేరాటోలో వచ్చేవారు. చదువు ఇంటర్, ఆపైన టైపు హయ్యరు, డిపార్ట్‌మెంటు పరీక్షలు. నేనేమో ఇంగ్లిషు సాహిత్యంలో ఎమ్మే, ఫస్టు క్లాసు. ఆ సంగతి ఎవరినీ మరిచిపోనిచ్చేదాన్ని కాదు. ఆయన ఇంగ్లిషు ఉప్పులేని గంజిలా ఉంటుందని వచ్చిన వారంలోనే తేల్చేశాను.

ఆయన పెట్టిన పద్ధతి ఒకటి నాకు అసలు గిట్టేది కాదు. దాన్ని ‘తిరగేత’ అనేవారు. తర్జుమా చేసినవాళ్లు తమ ఇంగ్లిషు కాగితం పట్టుకుని, తెలుగు మూలం చూడకుండా, దాన్ని మళ్లీ తెలుగులో పైకి చెప్పాలి. ఎదురుగా మూలం పట్టుకుని ఇంకొకరు వేలు పెట్టి చదువుతూ కూర్చోవాలి. తేడా వస్తే ఆపాలి. ఏ రూల్సు పుస్తకంలోనూ ఇది లేదు. పైగా ఆ ఎదురుగా కూర్చునే మనిషి మా అటెండరు పైడితల్లి. ఏడో తరగతి చదివింది. ఇంగ్లిషు బొత్తిగా రాదు. రాకపోవడమే కావాలనేవారు సన్యాసిరావు గారు. ఎమ్మే చదివిన నన్ను పైడితల్లి సరిచూడ్డమా అని లోపల ఉడికిపోయేదాన్ని.

ఆ ఏడాది వానాకాలం చివర్లో రమణ అనే అతని అప్పీలు రికార్డు నా బల్ల మీదికి వచ్చింది. బెల్లం వండే పనివాడు. చెరకుతోట గట్టు తగాదాలో ఒక మనిషి కర్రదెబ్బ తిని చనిపోయాడు. రమణకు యావజ్జీవం పడింది. దెబ్బ కొడుతుండగా చూసినవాళ్లు లేరు. తోటలోంచి ఒకడు కర్రతో వెళ్తుండగా చూశానన్నది నూకాలమ్మ అనే ముసలామె ఒక్కతే. కేసులో రెండో సాక్షి. మిగతావన్నీ ఆమె మాటకు చుట్టూ చేర్చినవే.

రమణ తల్లి అచ్చియ్యమ్మ పది పదిహేను రోజులకోసారి వచ్చి మా వరండాలో కూర్చునేది. ఏడ్చేది కాదు, బతిమాలేది కాదు. కాయితాలు ఎల్లాయా అని అడిగేది. ఇంకా లేదంటే లేచి వెళ్లిపోయేది. తర్జుమా ఆలస్యమైన కొద్దీ కొడుకు జైల్లో ఉండే రోజులు పెరుగుతాయని ఆమెకు బాగా తెలుసు. మాకూ తెలుసు.

నూకాలమ్మ సాక్ష్యం పదకొండు పేజీలు. మా బెంచ్ క్లర్క్ సాక్షి మాటను ఉన్నదున్నట్టు రాసే మనిషి కాబట్టి ఆమె యాస కూడా అందులో ఉంది. ముఖ్యమైన చోట ఇలా ఉంది: “మునిమాపేల. సెరుకులోంచి ఎవుడో మడిసి పోతన్నాడు. సేతిలో కర్రుంది. మొకం ఇటు తిప్పలేదు. నడక సూసి రవణగాడే అనుకున్నాను.”

మునిమాపు దగ్గర నా కలం ఆగింది. మునివేళ్లంటే వేళ్ల కొసలు. మునిమాపంటే రాత్రికి ముందు కొస. దీనికి సరితూగే మాట ఇంగ్లిషులో నాకొకటి తెలుసు: గ్లోమింగ్. మిషన్ స్కూల్లో మాకు ఇంగ్లిషు చెప్పిన టీచరమ్మ నోట ఒక్కసారి విని, ఆ రోజే డైరీలో రాసుకున్నాను. ఆ తర్వాత ఇరవై ఏళ్లకు పైగా దాన్ని వాడే అవకాశం రాలేదు. సంతలోనూ ఆఫీసులోనూ వాడే మాట కాదది. ఆ పూట వాడాను. అబ్బ, ఎంత సంతోషమేసిందో! ఆ పేజీ తీసి రెండు మూడుసార్లు చదువుకున్నాను కూడా.

ఫెయిర్ టైపు అయిపోయింది. మర్నాటి తపాలాలో కట్ట వెళ్లాలని సూపరింటెండెంటు గారు తొందరపెట్టారు. అచ్చియ్యమ్మ వరండాలోనే ఉంది. సంతకం పెట్టబోతూ, ఈ ఒక్కసారికి తిరగేత వద్దండీ, టైము లేదు అన్నాను. సన్యాసిరావు గారు వినిపించుకోలేదు. పైడితల్లిని పిలిచి మూలం చేతికిచ్చి కుర్చీ చూపించారు. చేసేది లేక మొదలుపెట్టాను. ఆ చోటుకి వచ్చి, నా ఇంగ్లిషు వాక్యాన్ని తెలుగులో చెప్పాను. “సంధ్య వెలుగులో, చేతిలో కర్రతో చెరకులోంచి వెళ్తున్న రమణను నడకను బట్టి పోల్చుకున్నాను.”

పైడితల్లి వేలు కాగితం మీద నిలిచిపోయింది.

“ఆగండమ్మగారూ. ఎవుడో మడిసి అందండి. ఆ ముక్కేదీ?”

అది వాక్యంలో కలిసిపోయిందన్నాను. ఆమె మళ్లీ వెతుక్కుంది. మొకం ఇటు తిప్పలేదని ఉందే, అదీ రాలేదంది. ఆ తర్వాత నా వైపు చూసి, కాస్త మొహమాటపడుతూ అంది.

“అనుకున్నాను అందండి ఆవిడ. మీరు పోల్సుకున్నాను అంటన్నారు.”

తల కొట్టేసినంత పనైంది. ఆ ముసలామె ఐదు చిన్న మాటలు చెప్పింది. నేను వాటిని కలిపి ఒక నిండు వాక్యం చేశాను. చేసేటప్పుడు మూడింటిని బయటికి నెట్టాను: ఎవడో అన్న తెలియనితనాన్ని, కనపడని ముఖాన్ని, అనుకున్నాను అన్న అనుమానాన్ని. ఎవరూ నాకు లంచమివ్వలేదు, నిద్రమత్తులో లేను, తెలుగు రాకా కాదు. వాక్యం బాగుండాలని చేశాను.

సన్యాసిరావు గారు కేకలేస్తారనుకున్నాను. ఆయన కుర్చీ దగ్గరకు లాక్కుని, నా కాగితంలో గ్లోమింగ్ మీద వేలు పెట్టి, ఈ కొత్తమాటేటో చెప్పమ్మా సుగుణమ్మా, ఇన్నేళ్ల సర్వీసులో చూళ్లేదు అన్నారు. తప్పును వదిలి మాట గురించి అడగడం నాకు ఎత్తిపొడుపులా తోచింది. కాదు. నిజంగానే తెలుసుకోవాలని అడిగారు. చెప్పాను. పొద్దు గూకాక, చీకటి పూర్తిగా పడకముందు ఉండే వేళ. పాత ఇంగ్లిషులో సంధ్యకు ఉన్న పేరు నుంచి వచ్చింది. నిప్పుకణిక మెరుపును చెప్పే మాటకు చుట్టమని నిఘంటువుల్లో ఉంటుంది. స్కాట్లండు వాళ్ల వాడుకలో బతికి, అక్కడి పాటల్లోంచి మిగతా ఇంగ్లిషు కవిత్వంలోకి వచ్చింది. ట్విలైట్ తెల్లవారుజాముకీ చెల్లుతుంది, గ్లోమింగ్ మాత్రం మామూలుగా సాయంత్రానిదే. డస్క్ చీకటి వైపు మొగ్గితే, ఇందులో వెలుగు ఇంకా కాస్త మిగిలి ఉన్నట్టుంటుంది. ఇప్పుడది కవులదీ, ఉత్తరాల్లో కాస్త ముచ్చటగా రాసేవాళ్లదీ.

ఆయన మెచ్చుకుంటూ విన్నారు. జేబులోంచి చిన్న పుస్తకం తీసి నాచేతే రాయించుకున్నారు. ఆ పక్కన తెలుగులో మునిమాపు అని రాసుకుని, భలే కుదిరిందమ్మా అన్నారు. అప్పుడు అడిగారు.

“కాస్త వెలుగు మిగిలున్నట్టుంటాదన్నావు కదా. ఆ వెలుగు నూకాలమ్మ ఇచ్చిందా, నువ్విచ్చేవా?”

ఓడిపోవడం నాకు అలవాటు లేదు. గ్లోమింగ్ ఉంచి, వదిలేసిన మాటలన్నీ తిరిగి పెడితే సరిపోతుంది కదా అని వాదించాను. ఆయన నవ్వి, రాసి చూడమ్మా అన్నారు. కూర్చుని రాశాను. గ్లోమింగ్ అని మొదలుపెట్టగానే దాని పక్కన ‘ఎవడో మనిషి’ మోటుగా కనపడింది. నా చెయ్యి దాన్ని ‘ఒక ఆకారం’ చేసింది. కొట్టేసి మళ్లీ రాశాను. ఈసారి ‘ముఖం ఇటు తిప్పలేదు’ అన్నది ‘ముఖం నీడలో ఉంది’ అయింది. నీడ మాట ఎక్కడిది? ఆమె అనలేదే! మూడో కాగితం కూడా చెడగొట్టాక నాకే భయమేసింది. నా చేతి సంగతి నాకు మొదటిసారి తెలిసింది. గ్లోమింగ్ మీద అడ్డంగా గీత కొట్టాను. మునిమాపు అన్న మాటను ఇంగ్లిషు అక్షరాల్లో అలాగే ఉంచి, పక్కన పొద్దుగూకిన వేళ అని సాదా ఇంగ్లిషులో రాశాను. తర్వాతి నాలుగు వాక్యాలూ విడివిడిగా, ఆమె చెప్పిన వరసలోనే వచ్చాయి. ఉప్పులేని గంజే. నూకాలమ్మ పెట్టిందీ అదే.

ఒక్కచోట ఇంత చేసినదాన్ని మిగతా చోట్ల ఊరుకుంటానా? పదకొండు పేజీలూ మళ్లీ చేయాలని నేనే అన్నాను. అంటే మర్నాటి తపాలా తప్పిపోతుంది. సూపరింటెండెంటు గారు చిరాకుపడ్డారు. ఆలస్యానికి కారణం నా తప్పేనని కాగితం మీద రాసిస్తానన్నాను. సన్యాసిరావు గారు ఆ కాగితం మీద తనూ సంతకం చేసి ఇచ్చారు. తర్జుమా తనది కాదు, సంతకం పెట్టాల్సిన అవసరమూ లేదు. సెక్షన్ది తప్పమ్మా, నీ ఒక్కర్తిదీ ఎలాగవుతాది అని ఊరుకున్నారు. అంతవరకూ ఆయన్ని చులకనగా చూసినందుకు సిగ్గుతో చచ్చిపోయాను.

అచ్చియ్యమ్మకు చెప్పే పని నేనే పెట్టుకున్నాను. నేను తప్పు రాశానమ్మా, సరిచేయడానికి ఇంకో మూడు రోజులు పడుతుంది అన్నాను. తిట్టినా పడదామనే వెళ్లాను. ఆమె తిట్టలేదు.

“ఆలీసమైతే అవనీయమ్మా. ఆ ముసిల్ది బోనెక్కి సెప్పినప్పుడు నేనక్కడే ఉన్నాను. అది ఏటందో అదే ఎల్లాల. ఎక్కువొద్దు, తక్కువొద్దు.”

మూడు రోజులు కూర్చున్నాం. తిరగేతలో పైడితల్లి ఇంకో నాలుగు చోట్ల ఆపింది. వాటిలో మూడు నావే, ఒకటి మాత్రం ఆమె వరస తప్పి చదివింది. అందుకు తను పడిన బాధ నేను నా మూడింటికీ పడలేదు. కట్ట వెళ్లింది. ఆ తర్వాత నేను అటెండరు అని అనకుండా పైడితల్లి గారూ అని పిలవడం మొదలుపెడితే, ఆమె కంగారుపడి, వద్దండమ్మగారూ, ఆఫీసులో నవ్వుతారు అంది. నవ్వారు కూడా. నేను మానలేదు.

సన్యాసిరావు గారు గ్లోమింగ్‌ను కాగితం మీదికి రానివ్వలేదు గానీ నోటి నుంచి పోనివ్వలేదు. పని ముగించి కిటికీలోంచి ఆకాశం చూసి, గ్లోమింగ్ దాటిపోతందమ్మా, కశింకోట ఆటో దొరకదు, వత్తాను అని సంచీ తీసుకునేవారు. సరిగ్గా ఆ వేళకే అనేవారు. ముందూ కాదు, తర్వాతా కాదు. ఆ మాటను అంత కచ్చితంగా వాడినవాళ్లను నేను మా యూనివర్సిటీలో కూడా చూడలేదు.

ఏడాదిన్నర దాటాక హైకోర్టు తీర్పు నకలు మా రికార్డుకు వచ్చింది. ఇద్దరు జడ్జీల బెంచి. వారిలో ఒకరు వేరే రాష్ట్రం నుంచి వచ్చినవారు. నూకాలమ్మ చెప్పిన ఐదు వాక్యాలనూ మా తర్జుమాలోంచి ఉన్నవున్నట్టు తీర్పులో దించారు. సాక్షి తాను గుర్తుపట్టానని చెప్పడం లేదు, అతడేనని అనుకున్నానంటోంది, ముఖం చూడలేదంటోంది, ఈ ఒక్క సాక్ష్యం మీద యావజ్జీవం నిలబడదని రాశారు. అనుమానం వల్ల కలిగే లాభం ముద్దాయికే చెందాలని రమణను విడుదల చేశారు. సన్యాసిరావు గారు ఆ పేరా రెండుసార్లు చదివి, పైడితల్లి గారికి తెలుగులో చెప్పి, నకలు ఫైల్లో కట్టేశారు. ఆ రోజు టీ మాత్రం ఆయనే తెప్పించారు.

ఆ తర్వాత పదేళ్లకు పైగా ఆ పని చేశాను. నా దగ్గర పని నేర్చుకున్నవాళ్లందరిచేతా తిరగేత చేయించాను. సాహిత్యం చదివి వచ్చినవాళ్లచేత రెండుసార్లు. అరుదైన మాట తప్పు మాట కాదు. గ్లోమింగ్ అర్థం మునిమాపుకు సరిగ్గానే అతికింది. కానీ అందమైన మాట ఒంటరిగా వచ్చి కూర్చోదు. పక్కనున్న మాటల్ని తనకు తగ్గట్టు సర్దమని రాసేవాళ్ల చేతిని అడుగుతుంది. ఆ చెయ్యి ఒప్పుకుంటుంది. రమణ ఆ దెబ్బ కొట్టాడో లేదో నాకు ఈ రోజుకీ తెలియదు. తెలుసుకోవడం నా ఉద్యోగం కాదు. నూకాలమ్మకూ తెలియదు, తెలియదనే ఆమె చెప్పింది. తెలుసునని చెప్పబోయింది నేను, అదీ సంతకం పెట్టి.