తడి సరుకు తూకం

పీర్ సాహెబ్ తక్కెడ పళ్లేలు రెండూ తువ్వాలుతో తుడిచి, బస్టాండు టీ కొట్టు పందిరికున్న ఇనుపకొక్కేనికి తక్కెడను తగిలించాడు. ఖాళీ పళ్లేలతో ముల్లు నిటారుగా నిలవాలి. గాలికి వెంట్రుకవాసి పక్కకు పోతోంది. గాలి వచ్చే వైపు తువ్వాలును అడ్డంగా కట్టి మళ్లీ చూశాడు.

"బంగారం తూయటం లేదు సాయిబూ, గంజాయి," అన్నాడు హెడ్ కానిస్టేబుల్ మస్తాన్‌రావు. అతని ఒళ్లో అట్ట, అట్ట మీద తెల్లకాయితాలు.

"ఏదైనా తూకం తూకమే గదా హెడ్డుగారూ."

1987లో శివరాత్రికి వారం ముందు సంగతి ఇది. ఆ పొద్దున నరసరావుపేట బస్టాండులో వినుకొండ బస్సు దిగిన యల్లమందను ఎస్సై ఆపాడు. యల్లమంద మిరపకొట్లలో బస్తాలు మోసే మనిషి. ఒంటిని సోదా చేసేముందు ఎస్సై అడగాల్సింది అడిగాడు: గెజిటెడ్ ఆఫీసరు ముందు గానీ, మేజిస్ట్రేటు ముందు గానీ సోదా చేయించుకునే హక్కు నీకుంది, కావాలా అని. యల్లమందకు ఆ ఆఫీసరు ఎవరో తెలియదు. "మీరే చూసుకోండి సారూ," అన్నాడు. చొక్కా కింద నడుముకు కట్టుకున్న గుడ్డసంచి బయటపడింది.

సోదాకు ఊళ్లోవాళ్లు ఇద్దరు మధ్యవర్తులుగా ఉండాలి. ఎదురుగా ఎరువుల షాపు శ్రీమన్నారాయణ ఒకడు. తక్కెడ ఉన్నవాడు కాబట్టి రెండోవాడు పీర్ సాహెబ్.

కాటాలు బాగుచేసే పని అతనికి ఎవరూ నేర్పలేదు. పదమూడేళ్లప్పుడు తండ్రి పోతే, ఇంట్లో మిగిలిన తుప్పు తక్కెడను విప్పాడు, బిగించాడు, మళ్లీ విప్పాడు. ముల్లు ఎందుకు అబద్ధమాడుతుందో తెలిసేసరికి రెండేళ్లు పట్టింది. ఇప్పుడు అతనికి యాభై దాటాయి. మిరపకొట్ల వీధిలో రైతుకూ షావుకారుకూ తగాదా వస్తే ఇద్దరూ అతని తక్కెడ దగ్గరికే నడుస్తారు.

మస్తాన్‌రావు సంచిని సంచిగానే పళ్లెంలో పెట్టబోయాడు. పీర్ సాహెబ్ చెయ్యి అడ్డం పెట్టాడు.

"సంచితో తూస్తే సంచి బరువు ఆ మనిషి నెత్తిన పడుద్ది. తీయండి."

"ఏందయ్యా నీ చాదస్తం. ఎస్సైగారికి ఎండ తగులుతుంది."

"తీయనీరా," అన్నాడు ఎస్సై.

ఇంతలో అంకమ్మ వచ్చింది. యల్లమంద భార్య. మిరపకొట్టులో కాయలకు తొడిమలు తీస్తూ లేచి వచ్చింది, చేతులు ఎర్రగా ఉన్నాయి. మొగుడి వైపు చూడకుండా ఎస్సైనే అడిగింది, ఎన్నాళ్లేస్తారని.

"అర కిలో లోపుండి, సొంతానికేనని కోర్టులో చూపించుకుంటే ఆర్నెల్ల లోపు. అర కిలో దాటితే ఐదేళ్ల దాకా. రెండేళ్లు కావస్తోంది కొత్త చట్టం వచ్చి."

పీర్ సాహెబ్ రెండు పళ్లేల్లోనూ ఒకే కొలత కాయితాలు పరిచి, ఒకదాంట్లో సరుకు గుమ్మరించాడు, రెండోదాంట్లో అర కిలో రాయి పెట్టాడు. సరుకున్న పళ్లెం కిందికే ఉంది. పది గ్రాముల బిళ్ల వేశాడు. కదిలింది గానీ లేవలేదు. ఇంకో పది వేశాడు. ముల్లు నిలబడింది.

"ఐదు వందల ఇరవై," అన్నాడు.

అంకమ్మ దగ్గరికొచ్చి గొంతు తగ్గించింది. "పీరన్నా, కాటా నీదే గదా. నీ వేలికి ఇరవై గ్రాములెంత."

నిజమే. పళ్లెం అంచు కింద చిటికెనవేలు ఆనిస్తే చాలు. ఆ పని చేసే షావుకార్లను అతను ముప్పయ్యేళ్లుగా పట్టుకుంటున్నాడు. చేతులు రెండూ వెనక్కి కట్టుకున్నాడు.

"నావల్ల కాదమ్మా."

"నీ తమ్ముడైతే?"

అతను నేల మీద ఇంకో కాయితం పరిచాడు. సరుకును కాయితం మీదికి దించుతుంటే వేళ్లకు చల్లగా తగిలింది. గుప్పెట్లో నొక్కాడు. గలగలలాడాల్సిన ఆకు మెత్తగా ముద్ద అయింది.

"ఇది తడిసిందేందిరా యల్లమందా?"

"పొడైపోతదని నీళ్లు చిలకరించా మామా," అన్నాడు యల్లమంద నేల చూస్తూ. "కాయకు చిలకరించినట్టే."

బేరానికి ముందు ఎండుమిరపకాయ విరక్కుండా నీళ్లు చల్లడం ఆ వీధిలో అందరికీ అలవాటే. శ్రీమన్నారాయణ నవ్వబోయి ఆపుకున్నాడు.

"సారూ, ఎండితే ఇది అర కిలో తూగదు," అన్నాడు పీర్ సాహెబ్. "రెండు గంటలు ఎండలో ఆరబోయనియ్యండి."

"కుదరదు. దొరికింది దొరికినట్టు తూచి, ఇక్కడే సీలు వెయ్యాలి. పట్టుకున్న సరుకును ఆరబోసే అధికారం నాకు లేదు."

"అయితే తడిగా ఉందని రాయండి."

"అట్టాంటివి రాయం గదా," అన్నాడు మస్తాన్‌రావు.

"రాయకపోతే నా సంతకం లేదు." పీర్ సాహెబ్ గొంతు పెంచలేదు. "సారూ, పరీక్షకు పంపే శాంపిలు హైదరాబాదు లాబుకు పోయేసరికి ఆరుద్ది. ఇరవై అయిదు గ్రాములని మీరు రాసింది అక్కడ ఇరవయ్యో, ఇంకా తక్కువో తూగుద్ది. అప్పుడు మధ్యలో తిన్నది ఎవరంటారు? మిమ్మల్నంటారు, లేకపోతే నా కాటానంటారు."

ఎస్సై హెడ్డు వైపు తిరిగాడు. "రాయి మస్తాన్‌రావు. కేసు మాత్రం ఐదు వందల ఇరవైకే. తడి మాట జడ్జిగారు చదువుతారో లేదో నేను చెప్పలేను."

మస్తాన్‌రావు రాశాడు. పీర్ సాహెబ్ ఆ వాక్యం మీద వేలు పెట్టి, అక్షరం అక్షరం కూడబలుక్కుని రెండుసార్లు చదివాడు. 'సరుకు నీటి తడితో ఉన్నది.' దాని కింద సంతకం చేశాడు.

తర్వాత ఇరవై అయిదు గ్రాముల చొప్పున రెండు శాంపిళ్లు తూచాడు. మిగిలినది తూస్తే నాలుగు వందల డెబ్బై వచ్చింది. అంకమ్మ ముఖం వెలిగింది.

"అర కిలో లేదుగా అన్నా ఇందులో."

"ఆ రెండూ కలుపుకోవాలమ్మా," అన్నాడతను. ఆమె పందిరి గుంజను ఆనుకుని కింద కూర్చుంది. యల్లమంద అప్పుడు మొదటిసారి ఆమె వైపు చూశాడు.

మూడింటినీ గుడ్డలో పెట్టి, లోపల మధ్యవర్తుల సంతకాల చీటీలు వేసి, పీర్ సాహెబ్ నోళ్లు కుట్టాడు. సూది పట్టే సందు లేకుండా దగ్గర దగ్గరగా కుట్టాడు. ఇంకో గింజ లోపలికి పోకూడదు, ఒక్క గింజ బయటికి రాకూడదు. ముడుల మీద లక్క కరిగించి పోశాడు. ఎస్సై ముద్ర ఒత్తాడు. లక్క గట్టిపడేదాకా ఆగి, పీర్ సాహెబ్ గోటితో అంచులు తడిమి చూశాడు. ఎక్కడా లేవలేదు. పొట్లాలు మూడూ రెండు చేతులతో తీసి ఎస్సైకి అప్పగించాడు.