మా ఆయన రాని వాయిదా

విడాకులు కావాలని కేసు వేసి, మా ఆయన మళ్ళీ కువైట్ విమానం ఎక్కేశారు. కేసు ఆయనది, తిరగడం నాది. అంబాజీపేటలో బస్సెక్కి అమలాపురంలో దిగడం, కోర్టు వరండాలో గోడకానుకుని నిలబడటం, ఇంకో వాయిదా పుచ్చుకుని ఇంటికి రావడం. ఆయన తరఫున ఎప్పుడూ ఆయన లాయరే వచ్చేవారు. నల్లకోటుతో కాపురం చేశానా నేను?

చివరికి జడ్జిగారు విసుక్కుని, వచ్చే వాయిదాకి కేసు వేసిన మనిషే వచ్చి సాక్ష్యం చెప్పాలన్నారు. సెలవు మీద వస్తున్నారని ఊళ్ళో కూడా అనుకున్నారు. ఆయన గల్ఫ్ నుంచి ఎప్పుడు దిగినా మొదటి ముద్ద పనసపొట్టు కూరతోనే తినాలి, అది మా ఇంట్లో రివాజు. అందుకని ఆ రోజు తెల్లారే లేచి, ఆవ పెట్టి కూర చేసి కేరేజీ కట్టాను. మా అన్నయ్య చూసి నెత్తి కొట్టుకున్నాడు. వదిలించుకుంటానన్నవాడికి కూరలు వండి పట్టుకెళ్తావా, సిగ్గు లేదా అన్నాడు. లేదు, బండి తియ్యి అన్నాను.

వరండాలో చెప్పుల చప్పుడైతే చాలు, తల తిప్పి చూశాను. నాకు కావలసింది ఒక్కటే. నేనెందుకు వద్దో నా మొహం మీద చెప్పమని అడగాలి. ఎదురుగా నిలబడితే ఆయన నోట ఆ మాట రాదని నా నమ్మకం.

బంట్రోతు గుమ్మంలో నిలబడి ఆయన పేరు ముమ్మారు పిలిచాడు. పెళ్ళైన నాటి నుంచి నేను నోటితో పలకని పేరు. ఎవరూ పలకలేదు. ఆ రోజు ఆయన లాయరు కూడా రాలేదు. నా పేరు పిలిస్తే కేరేజీ చేత్తో పట్టుకునే లోపలికెళ్ళి నిలబడ్డాను. జడ్జిగారు ఫైలు మీద ఏదో రాసి పక్కన పెట్టేశారు.

బయటికొచ్చాక మా లాయరుగారు నవ్వుతూ చెప్పారు. "కేసేసినాయనే రాలేదు కదమ్మా, కొట్టేసేరు. నువ్వు గెలిచేవు."

ఆయ్ అన్నాను.

అన్నయ్య స్వీట్లు కొనడానికి పరిగెత్తాడు. ఓడినవాడు కోర్టులో ఏడిస్తే గెలిచినవాడు ఇంటికెళ్ళి ఏడ్చాడంటారు. నేను ఇంటిదాకా ఆగలేకపోయాను. వద్దని చెప్పడానికైనా మనిషి రావాలి కదా! ఆ పాటి కూడా చెయ్యనా నేను?

లాయరుగారు కంగారుపడ్డారు. ఇప్పటికి పీడ వదిలింది, కాకపోతే ఆయన తలుచుకుంటే కేసు మళ్ళీ తెరవమని అర్జీ పెట్టుకోవచ్చు, అప్పుడు నీకు నోటీసు వస్తుంది, ఆ భయం ఒక్కటే ఉందన్నారు.

నేను కళ్ళు తుడుచుకున్నాను. "అర్జీ పెడితే ఆయన రావాలాండీ?" అని అడిగాను.

ఇంట్లో అందరూ ఆ నోటీసు రాకూడదని దేవుడికి మొక్కుకున్నారు. నేను రావాలని మొక్కుకున్నాను. ఇంతవరకూ రాలేదు.