లైట్లు వెలగకముందే

కాపురానికి వెళ్ళేటప్పుడు నా పెట్టెలో చీరల కింద రెండు లావుపాటి ఇంగ్లీషు పుస్తకాలు పెట్టుకున్నాను. ఒకటి ప్రపంచంలోని సినిమా దర్శకుల గురించి. రెండోది, అసలు సినిమా అంటే ఏమిటి, అది మనిషి కంటికీ కాలానికీ ఏం చేస్తుంది అని ఒక తత్వవేత్త చేసిన విచారణ. కాకినాడ కాలేజీలో ఫిలాసఫీ చెప్పే మా బాబాయి ఇచ్చాడు రెండూ. "నువ్వు వెళ్తోంది సినిమా హాలున్న ఇంటికి. ఇవి ఇంక నాకంటే నీకే పనికొస్తాయి" అన్నాడు. ఆ ఇంటి సంగతి ఆయనకీ తెలీదు, నాకూ తెలీదు.

భీమవరానికి దగ్గర్లో ఒక చిన్న పట్నం. మా అత్తవారికి వరి చేలు, చేపల చెరువులు, వాటితోపాటు బజార్లో ఒక సినిమా హాలు. ఇల్లూ హాలూ ఒకే కాంపౌండులో ఉండేవి. నా పెట్టె విప్పిన రోజు మా అత్తగారు ఆ పుస్తకాలు అటూ ఇటూ తిప్పి చూసి మామగారితో అన్నారు. "సినిమా హాలున్న ఇంటికి సినిమా పుస్తకాలు తెచ్చుకుందండి మన కోడలు. రేపు చెరువు గట్టుకి చేపల పుస్తకం పట్టుకెళ్తుందేమో!" ఇంటిల్లిపాదీ నవ్వారు. నేనూ నవ్వాను. తొంభైల నడిమి సంవత్సరాలవి, నాకింకా ఇరవై రెండు నిండలేదు. సినిమా ఆడే ఇంట్లోకే వచ్చిపడ్డాను, ఇంతకంటే అదృష్టం ఏముంటుంది అనుకున్నాను.

మొదటిసారి మా హాల్లో సినిమాకి వెళ్ళిన సాయంత్రం బాగా గుర్తు. అత్తగారు నన్ను హాలు పక్క తలుపు దగ్గరికి తీసుకెళ్ళి అక్కడే నిలబడిపోయారు. లోపల మొదలుపెట్టేశారు, సంగీతం వినపడుతోంది. "వెళ్దామా అత్తయ్యగారూ, పేర్లు పడిపోతున్నట్టున్నాయి" అన్నాను. "ఆగమ్మా. వెనకొచ్చేవాళ్ళందరూ కూర్చోనీ" అన్నారావిడ. జనమంతా సర్దుకున్నాక గేటు దగ్గరుండే ముసలాయన టార్చిలైటు నేలకి కొట్టి చూపిస్తే, ఆ వెలుగు వెంట తలలు వంచుకుని వెళ్ళి, మా ఇంటివాళ్ళకని విడిగా ఉన్న బాక్సులో కూర్చున్నాం. కథ మొదలైపోయింది. ఎవరు ఎవరి తమ్ముడో నాకు అర్థమయ్యేసరికి మళ్ళీ టార్చి వచ్చి మా పాదాల మీద పడింది. ఇంటర్వెల్ లైట్లు వెలగకముందే మేం బయటికి వచ్చేయాలట. ఇంటికెళ్ళి మంచినీళ్ళు తాగి, బెల్లు కొట్టి లైట్లు ఆర్పాక మళ్ళీ వచ్చాం. చివర్లో హీరో గోడౌన్లోకి దూకాడో లేదో, మళ్ళీ టార్చి. అత్తగారు అప్పటికే కొంగు సర్దుకుని లేచి నిలబడ్డారు.

ఇదీ ఆ ఇంటి పద్ధతి. ఘోషా ఎప్పుడో పోయింది. మా ఇంటి ఆడవాళ్ళు కార్లో తిరుగుతారు, పెళ్ళిళ్ళకి వెళ్తారు, భీమవరం వెళ్ళి చీరలు బేరమాడి కొనుక్కుంటారు. కానీ సొంత హాల్లో, టిక్కెట్టు కొనుక్కుని వచ్చిన జనానికి, లైట్ల వెలుతుర్లో కనపడకూడదు. మామగారి తల్లి నాడు పెట్టిన కట్టుబాటు అది, ఎందుకని ఎవరూ అడిగినట్టు లేదు. మేం బయటికి వచ్చేశామని గేటు ముసలాయన పైనున్న ఆపరేటరుకి టార్చి ఊపి చెప్పాలి. ఆ టార్చి ఊగితేగాని మా హాల్లో ఆట అయిపోయినా లైట్లు వెలగవు.

పోనీ వేరే హాలుకి వెళ్దామా అని మావారిని అడిగాను. ఆయన నా వైపు వింతగా చూశారు. "ఓనరుగారింటి వాళ్ళే అవతలి హాలుకెళ్ళారంటే ఇంక మన బొమ్మ పోయినట్టేగా! ఊరంతా అదే మాట." భీమవరమైనా అంతేనన్నారు, అక్కడి హాళ్ళవాళ్ళందరూ మామగారికి తెలిసినవాళ్ళే. అలా, ఊళ్ళో ఏ కూలి మనిషైనా నేల టిక్కెట్టు కొనుక్కుని హాయిగా చూసే శుభం కార్డు, హాలున్న ఇంటి కోడలికి లేకుండా పోయింది. ముగింపు ఏమైందని అన్నాల దగ్గర అడిగితే మావారు ఏ సినిమాకైనా ఒకటే చెప్పేవారు. "ఏముందీ, వాడు చచ్చాడు, వీళ్ళకి పెళ్ళయింది."

పుస్తకాలు మాత్రం మొదటి పేజీ నుంచి చివరి పేజీ దాకా నావి. మధ్యాహ్నం వంటిల్లు సర్దాక మేడ మీద గదిలో చదువుకునేదాన్ని. పక్కన మ్యాట్నీ నడుస్తూ ఉండేది, పాటలు తెలిసేవి, మాటలు తెలిసేవి కావు. ఆ తత్వశాస్త్రం పుస్తకం రాసినాయనతో నాకు రోజూ తగువే. చీకట్లో కూర్చున్న ప్రేక్షకుడు స్వేచ్ఛాజీవి అంటాడాయన. అతను అందరినీ చూస్తాడు, అతన్ని ఎవరూ చూడరు, అందుకే సినిమా చూస్తున్నంతసేపూ మనిషికి తన బరువు తెలియదట. నాకు నవ్వొచ్చేది, ఆ నవ్వు వెనకే ఒళ్ళు మండేది. మా ఇంట్లో చీకటి ఉన్నది మేం చూడటానికి కాదు, మమ్మల్ని చూడకుండా ఉండటానికి. అదే చీకటి, అదే కుర్చీ. ఆయన ఏ దేశంలో కూర్చుని రాశాడో గాని, టార్చిలైటు పాదాల మీద పడే ప్రేక్షకులు కూడా ఉంటారని ఆయనకి తట్టలేదు.

చివరి షాటు తెలిశాకే మొదటి షాటుకి అర్థం వస్తుందని కూడా అంటాడు. మరి తలా తోకా లేకుండా నేను చూసినవన్నీ ఏమిటి? సినిమాలా, సినిమా ముక్కలా? బాబాయికి ఫోన్ చేసి అడిగితే, "భలే ప్రశ్న వేశావే, దీని మీద పరిశోధన చేయొచ్చు" అన్నాడు. ఆయనకది పరిశోధన. నేను ఫోన్ పెట్టేసి పప్పుకి తాలింపు వేసుకున్నాను.

దర్శకుల పుస్తకంలో ఒక అధ్యాయం ఉంది, దాన్ని ఎన్నిసార్లు చదివానో చెప్పలేను. ఆ సినిమా పేరు రాయను. దాన్ని గొప్పవాళ్ళు చాలామంది పొగిడారు, నా గోల దానికి అంటించడం ఎందుకు. మంచు కురిసే ఊళ్ళో ఒకావిడ, సినిమా అంతా ఒక్క ఇంట్లోనే. చివర్లో ఆవిడ వచ్చి వీధి తలుపు ముందు నిలబడుతుంది. పుస్తకంలో ఆ బొమ్మ వేశారు, వెనకనుంచి ఆవిడ వీపు, గడియ మీద చెయ్యి. ఆ ఒక్క షాటు ఎంత సేపు ఉంటుందో, ఆ సేపట్లో చూసేవాడికి ఏమవుతుందో ఆ రచయిత పేజీలకు పేజీలు రాశాడు. ఇంతా రాసి, ఆవిడ తలుపు తీసిందో లేదో మాత్రం రాయలేదు. చూడనివాళ్ళకి చెప్పడం పాపమట. ఆ పుస్తకాన్ని గోడకేసి కొడదామన్నంత కోపం వచ్చింది. కాకినాడ సీడీ షాపుల్లో బాబాయి అడిగి చూశాడు, దొరకలేదు. వంట చేస్తున్నా, తర్వాత పుట్టిన మా పిల్లకి జడ వేస్తున్నా ఆ వీపు నా కళ్ళ ముందుండేది. తీసిందా, తీయలేదా? ఆవిడ తీసుంటే నాకూ ఏదో దారి ఉన్నట్టు, తీయకపోతే లేనట్టు అనిపించేది. పిచ్చే. కానీ ఆ ఇంట్లో నాదంటూ ఉన్నది ఆ పిచ్చి ఒక్కటే.

అలా ఏడెనిమిదేళ్ళు గడిచాయి. ఇంటింటికీ కేబుల్ వచ్చి హాల్లో జనం పలచబడ్డారు. ఆ రోజుల్లో భీమవరం నుంచి ఒక కాలేజీ లెక్చరరు మామగారిని వెతుక్కుంటూ వచ్చారు. ఫిల్మ్ క్లబ్బు పెట్టుకున్నారట, నెలకో ఆదివారం పొద్దున్న హాలు ఇస్తే ప్రొజెక్టరు వాళ్ళే తెచ్చుకుని మంచి సినిమాలు వేసుకుంటారట. "పొద్దున్న ఎలాగూ ఖాళీయే కదండి మాస్టారూ, వేసుకోండి" అన్నారు మామగారు. నేను కాఫీలు పట్టుకెళ్ళాను. మొదట ఏది వేస్తారండి అని మామగారు మాటవరసకి అడిగారు. లెక్చరరుగారు చెప్పింది ఆ తలుపు దగ్గరావిడ సినిమా పేరే.

ఆయన వెళ్ళగానే నేరుగా మామగారినే అడిగాను. పెళ్ళైనప్పటినుంచీ ఆయన్ని నేనేదీ అడిగింది లేదు. "ఆ సినిమా చూస్తానండి మామయ్యగారూ. చివరిదాకా కూర్చుంటానండి." మావారు నా వైపు కళ్ళు పెద్దవి చేసి చూశారు. మామగారు పేపరు మడిచి పక్కన పెట్టారు. తర్వాత అన్నారు. "సరేనమ్మా. చదువుకున్నవాళ్ళే కదా వచ్చేది, అదీ కొద్దిమంది. మీ అత్తయ్యగార్ని తోడు తీసుకెళ్ళు. బొమ్మ పూర్తయ్యాక, మీరు బయటికొచ్చేదాకా లైట్లు వేయొద్దని చెప్తాను." అంతే. ఇంత సులువని తెలిస్తే ఎప్పుడో అడిగేదాన్నని సంతోషంతోపాటు ఏడుపూ వచ్చింది.

ఆ ఆదివారం లైట్లు ఆర్పగానే, మొదటి పేరు పడకముందే వెళ్ళి బాక్సులో కూర్చున్నాం. తెర మీద మంచు పడుతోంది. మాటలు మాకు రాని భాషలో, కింద ఇంగ్లీషులో అక్షరాలు, నేను అత్తగారి చెవిలో తెలుగు చేసి చెబుతున్నాను. కాసేపయ్యాక ఆవిడ నా చెయ్యి నొక్కి, "చెప్పకు, అర్థమవుతోందిలే" అన్నారు. చిన్నబుచ్చుకున్నాను గాని నాకూ హాయిగానే ఉంది. ఆ ఇల్లు, ఆ కిటికీ, ఆవిడ కుట్టుపని, అన్నీ నాకు తెలిసినవే. పుస్తకంలోని నల్లటి బొమ్మలు లేచి నడుస్తుంటే ఒళ్ళు ఝల్లుమంది. జన్మలో, ఇంటర్వెల్ కూడా లేని ఇలాంటి రెండు గంటలు నాకెప్పుడూ లేవు.

ఆవిడ కుర్చీలోంచి లేచింది. వసారా దాటింది. వచ్చి తలుపు ముందు నిలబడింది. అదే వీపు. సంగీతం ఆగిపోయింది, హాలంతా నిశ్శబ్దం. చెయ్యి గడియ మీదకి వెళ్ళింది.

నేను పక్క తలుపు బయట వరండాలో ఉన్నాను.

ఎవరూ నన్ను లేపలేదు. టార్చి రాలేదు. అత్తగారు చెయ్యి పట్టుకుని లాగలేదు. సినిమా అయిపోవస్తోందని ఒంటికి ఎలాగో తెలిసిపోయింది, కొంగు సర్దుకుని, తల వంచుకుని, చీకట్లో మెట్టు మెట్టూ తెలిసిన దారిన నడిచి వచ్చేశాను. ఎండ కళ్ళలో పడేదాకా నేనేం చేశానో నాకు తెలీదు. చదివిందంతా తలకే ఎక్కింది, కాళ్ళకి ఎవరూ చెప్పలేదు.

వెనక్కి పరిగెత్తాను. గేటు ముసలాయన అడ్డం వచ్చాడు. రోజూ లాగే నన్ను చూడగానే, ఇద్దరమూ వచ్చేశామనుకుని పైకి టార్చి ఊపేశాడాయన. "బొమ్మ అయిపోయింది, లైట్లేసేశారమ్మా. ఇప్పుడు లోపలికెళ్ళకూడదండి" అన్నాడు, చాలా మర్యాదగా. లోపల కుర్చీలు మడతపడుతున్న చప్పుడు. "అత్తయ్యగారు లోపలే ఉన్నారు" అన్నాను. ముసలాయన మొహం పాలిపోయింది.

అప్పుడు నాకు సినిమా కాదు, ఆవిడ గుర్తొచ్చారు. ముప్ఫై ఏళ్ళకి పైగా ఆ వెలుతుర్లో ఒక్కసారి కూడా కూర్చోని మనిషి. నా మూలాన ఒంటరిగా, జనం మధ్య.

అత్తగారు పక్క తలుపు నుంచి రాలేదు. హాలు ముందు గేటు నుంచి, సోడా కొట్టు మీదుగా, బజారు చుట్టూ తిరిగి, కాంపౌండు పెద్ద గేటులోంచి వచ్చారు. ఎదురెళ్ళాను. క్షమించమని అడగాలి నేను. కానీ నోట్లోంచి వచ్చింది వేరే.

"తలుపు తీసిందా అత్తయ్యగారూ?"

"ఎవరూ? ఆవిడా? తీసింది" అన్నారు, కూర మాడిందా అంటే మాడింది అన్నట్టు. నేను ఎనిమిదేళ్ళు మోసిన ప్రశ్నకి అదీ జవాబు. అది విని నాకేమీ అనిపించలేదు, ఎందుకంటే ఆవిడ మొహం చూస్తున్నాను. కొంగు ఇంకా తల మీదే ఉంది, దాన్ని గుప్పిట్లో గట్టిగా పట్టుకుని ఉన్నారు.

"లైట్లేసేశారే అమ్మాయ్. లేవబోతే కాళ్ళు రాలేదు. కొంగు లాక్కుని అలాగే కూర్చుండిపోయాను. అందరూ లేచారు. బాక్సు ముందునుంచే వెళ్ళారు, ఇంత దగ్గర నుంచి."

"ఎవరైనా ఏమైనా అన్నారాండీ?"

"అనడమేంటి! ఒక్కళ్ళూ చూడలేదే నా వైపు."

"చదువుకున్నవాళ్ళు కదండి" అన్నాను, ఏదో ఒకటి అనాలి కాబట్టి.

ఆవిడ తల అడ్డంగా ఊపారు. "సోడా కొట్టువాడూ చూడలేదు. బజార్లో నడిచొచ్చాను, ఆ జనమూ చూడలేదు." అరుగు మీద కూర్చున్నారు. నేను మంచినీళ్ళు తెస్తే తీసుకోలేదు. లోపలినుంచి మామగారు, ఎలా ఉంది బొమ్మ అని కేకేశారు. ఆవిడ ఆ గొంతు వచ్చిన వైపు చూశారు. ఆ మనిషికి కోపం రావడం నేనెప్పుడూ చూడలేదు, అప్పుడు చూశాను.

"చూస్తారనే కదే," అన్నారు, "ఇన్నేళ్ళూ చూస్తారనే కదే!"