ఎరువులో గాజుముక్కలు

మా ఇల్లు ఎనుమాముల మిర్చి మార్కెట్ వెనక గల్లీలో ఉంది. మిర్చి సీజను మొదలైతే గల్లీ అంతా తుమ్ములే. కొత్తగా వచ్చిన చుట్టాలు ముక్కుకు కొంగు అడ్డం పెట్టుకుంటారు. మాకు ఆ ఘాటు ఎప్పుడో అలవాటైంది. అలవాటు కానిదల్లా ఊరి చివర డంపింగ్ యార్డు నుంచి వచ్చే పొగ. గాలి ఇటు తిరిగిన రోజు ఆరేసిన బట్టలకు కూడా ఆ వాసన పట్టేది.

పత్రికలో పనిచేసినన్నాళ్లూ ప్రతి ఎండాకాలం ఆ యార్డులో మంటల గురించి వార్త రాశాను. నిజం చెప్పాలంటే, కిందటేడు రాసిన దానికి తేదీ మార్చినా సరిపోయేది. అందుకే, ఏ వార్డు తడి చెత్త ఆ వార్డులోనే ఎరువు కావాలనీ, యార్డుకు పోయే లారీలు తగ్గాలనీ అధికారులు చెప్పినప్పుడు నేను పెద్దగా నమ్మలేదు. రిబ్బన్లు కత్తిరించిన షెడ్లు చాలా చూశాను. కొన్నింటిలో తరవాత గొర్రెలు పడుకోవడమూ చూశాను.

మా వార్డు కోసం మా గల్లీ చివర ఖాళీ జాగాలో కూడా ఒక రేకుల షెడ్డు వేశారు. దాన్ని చూసుకోవడానికి ఒక పారిశుద్ధ్య కార్మికురాలిని పెట్టారు. వయసులో నాకంటే చాలా చిన్నది. అయినా గల్లీ అంతా అక్క అంటుంటే నేనూ అక్క అనే పిలిచేవాణ్ణి. ఆమె పుట్టిల్లు డంపింగ్ యార్డు పక్క ఊళ్లోనే. తల్లి ఇంకా అక్కడే ఉంది. వాళ్ల బావి నీళ్లు టీ రంగుకు తిరిగి చాలా ఏళ్లయింది.

"మన వార్డు లారీ రోజూ మా అమ్మ ఇంటి ముంగట్నించే పోతది సారు," అంది ఒకరోజు, పార మీద గడ్డం ఆనించి. "నీలం పరదా లారీ. సరిగ్గ అన్నం తినే టైముకే వస్తది, కంపుకు మా అమ్మ తలుపులేసుకొని తింటది. గా ఒక్క లారీ ఆగితే సాలు నాకు. తతిమ్మా ఊరి సంగతి మీ పేపరోళ్లు చూసుకోన్రి."

నేను రిటైరయ్యానని గుర్తుచేశాను. "అయితే ఖాళీయే గదా, జర ఆ పట్టా కొస పట్టుకోన్రి," అంది. అట్లా మొదలైంది షెడ్డుతో నా పరిచయం.

మొదటి ఎరువు నల్లగా, పొడిపొడిగా తయారైంది. కేసముద్రం దారిలోని ఒక ఊరి రైతు మిర్చి బస్తాలతో మార్కెట్‌కు వచ్చి, తిరిగి ఖాళీ ట్రాక్టరుతో పోతుంటే అక్క ఆపింది. ఊరికే పోయే ట్రాక్టరులో ఊరికే వచ్చే ఎరువు వేసుకుపొమ్మంది. ఆయన పిడికెడు తీసి పిసికి, వాసన చూసి, సరేనన్నాడు. ఆ రోజు మా ఇద్దరికీ అంబాసిడర్ కారు కొన్నంత గర్వం కలిగింది.

పదిహేను రోజుల తరవాత ఆయన కుంటుకుంటూ వచ్చాడు. కాలికి కట్టు ఉంది. భుజం మీది తువాల విప్పి నేలమీద పరిచాడు. దాంట్లో గాజుముక్కలు. సీసా పెంకులు కావు, ఆడవాళ్లు చేతికి వేసుకునే గాజుల ముక్కలు. ఎరుపు, పసుపు, ఆకుపచ్చ.

"ఏం బిడ్డా, నా కూరగాయల మడిల గాజుల దుకాణం పెట్టుమన్ననా నిన్ను?"

అక్క వంగి ఒక ముక్క చేతిలోకి తీసుకుంది.

"మేం చెప్పులేసుకొని పొలంల దిగం. మా ఆడోళ్లు ఒట్టి చేతులతోని నారు పెడతరు. నీ ఎరువుకో దండం," అని, తువాల అక్కడే వదిలేసి పోయాడు. ఆ మాట మార్కెట్‌లో రైతులందరికీ చేరింది. ఆ తరవాత మా షెడ్డు ముందు ఒక్క ట్రాక్టరూ ఆగలేదు. ఎరువు మాత్రం తయారవుతూనే ఉంది. కుప్ప నడుమెత్తు దాటింది.

మున్సిపల్ అధికారి వచ్చి చూశాడు. చెడ్డవాడేం కాదు. కుప్ప చుట్టూ ఒకసారి తిరిగి, "ఎవరూ తీసుకపోకపోతే ఇది ఎరువుల షెడ్డు కాదమ్మా, చిన్న డంపింగ్ యార్డు," అన్నాడు. వానలు పడేలోపు కుప్ప కదలకపోతే షెడ్డు మూసేస్తామనీ, అన్ని చెత్తలూ కలిపి మళ్లీ లారీకే ఎత్తిస్తామనీ చెప్పి వెళ్లాడు.

ఆ గాజులు ఎక్కడినుంచి వస్తున్నాయో తెలుసుకోవడానికి మర్నాడు పొద్దున నేనూ అక్కతో పాటు చెత్త ఆటో వెంట నడిచాను. నాలుగో ఇంట్లోనే తెలిసింది. ఆ ఇల్లాలు పూజకు వాడిన పూలు, వాటి మధ్య కాగితంలో చుట్టిన రెండు గాజుముక్కలు తెచ్చి, తడి చెత్త వేసే ఆకుపచ్చ డబ్బాలో వేసింది.

"గాజులు పొడి డబ్బాల వెయ్యాలె గదా వదినా?" అంది అక్క.

"అండ్ల తెగిన చెప్పులుంటయి, అరిగిన చీపుర్లుంటయి. గాజులు అండ్లెట్ల వేస్తరే? నువ్వు వేస్తవా?"

అక్క నా వైపు చూసింది. ఆమె కూడా వేయదు.

మా వైపు పగిలిన గాజును కాలు పడే చోట వేయరు. ఇదివరకు చెట్టు మొదట్లో పెట్టేవారు, లేకపోతే పారే నీళ్లలో వదిలేవారు. ఇప్పుడు గల్లీకి సిమెంటు రోడ్డు పడింది, చెట్లు పోయాయి, కాలువ మీద పలకలు కప్పారు. ఉన్న రెండు డబ్బాల్లో పూలు పడే డబ్బా ఒక్కటే కాస్త గౌరవంగా కనిపించింది. అందుకని ఇంటింటా గాజులు పూలతో కలిసి ఎరువులోకి వచ్చాయి. మాకు పంచిన కరపత్రాల్లో ఏ డబ్బాలో ఏమేమి వేయాలో పెద్ద జాబితా ఉంది. గాజుల మాట అందులో లేదు. ఆ కరపత్రం భాష సరిదిద్దింది నేనే. నాకూ తట్టలేదు.

ఇంట్లో ఈ సంగతి చెబితే, టీచరుగా చేసి రిటైరైన మా ఆవిడ తేలిగ్గా తీసేసింది. "మనకు గసొంటి పట్టింపులు లేవు. మనం ప్రార్థన చేసుకునేటోళ్లం," అంది.

ఆ ఆదివారం మధ్యాహ్నం అక్క షెడ్డు ముందు కొత్తవాడ జంపఖానా ఒకటి పరిచింది. పాతది, ఒక అంచు పోయింది. కుప్పలో పైపైన జల్లించగా దొరికిన గాజుముక్కలన్నీ కడిగి దాని మీద పోసింది. ఎండకు అవి మెరుస్తుంటే, ఆ దారిన పోయే ఆడవాళ్లు ఒక్కొక్కరే ఆగారు. ఎవరినీ పిలవాల్సిన పని లేకపోయింది.

"గీ పచ్చది, బంగారు చుక్కలది నాదే. మా కోడలు శ్రీమంతం నాడు వేసుకున్న."

"నీదెట్లయితది? గసొంటియే నేనూ తొడుక్కున్న."

"నా చేతికి చూసే గదా నువ్వు కొన్నది."

"నీ చేతికి చూసి కొనేటట్టయితే నా చేతికి గాజులే ఉండకపోతుండె."

అందరూ నవ్వారు. మా ఆవిడ అప్పుడే చర్చి నుంచి వస్తోంది. చేతిలో బైబిలు సంచి. ఆమె కంటే ముందు నేనే చూశాను, వెండి గీత ఉన్న నీలం గాజుముక్క. మా పెళ్లయి పాతికేళ్లయిన రోజున కొన్న జత అది. ఆమె వంగి, ముక్కను వేళ్ల మధ్య తిప్పింది.

"ఇది నాదే," అంది.

"ఏంది టీచరమ్మా, మీకు పట్టింపు లేదంటిరి?" అంది అక్క. ఇంట్లో మాట ఆమెకు చేరవేసింది నేనే.

"పట్టింపు లేదు గని, చీపురుకట్టలల్ల పడేయ బుద్ధి కాలే."

నవ్వులు తగ్గేదాకా అక్క ఊరుకుంది. తరవాత రైతు వదిలిపెట్టిపోయిన తువాలను తెచ్చి జంపఖానా మధ్యలో విప్పింది. ఆ ముక్కలు ఆమె కడగలేదు. ఒకదాని అంచున ఎండిన మరక ఉంది.

"ఇవి ఆ కాక పొలంల ఏరినయి," అంది మెల్లగా. "కాలు పడొద్దనే గదా మీరు పూలల్ల వేసింది. కాలు పడ్డది. కోసుకపోయింది."

అందరిలోకీ పెద్దామె, మార్కెట్‌లో మిర్చికి తొడిమలు తీసి కాయలు ఏరే మనిషి, కొంగు నడుముకు చెక్కింది. "పొద్దుందాక ముచ్చికలు తీస్తం, తాలుకాయలు ఏరుతం. గింత కుప్ప ఏరలేమా? జల్లెడలు తెండ్రి."

ఆ తరవాతి రోజుల్లో నేను చూసిన పని మరిచిపోలేను. మార్కెట్ పని అయిపోగానే వాళ్లు మిర్చి జల్లెడలతో వచ్చేవారు. ఒకరు పోస్తే ఇద్దరు ఊపేవారు. మిగిలినవాళ్లు గోనెపట్టాల మీద పరిచి, ఎర్రకాయల్లో తెల్లబడ్డ తాలుకాయను పట్టే కళ్లతో నల్లటి ఎరువులో గాజు తళుకును పట్టేవారు. పారతో పనిచేయడం నాకు చేతకాదని వాళ్లు ఏకగ్రీవంగా తేల్చి, నన్ను చాయలు తేవడానికి పెట్టారు.

ఇకమీదట గాజులు ఎక్కడ వేయాలన్నది గంప నెత్తిన పెట్టుకుని వారం వారం వచ్చే గాజులామె తేల్చింది. "గింతేనా? కొత్తయి తొడిగిన చేతితోనే పాతయి తీస్కపోతా," అంది. గాజు కరిగించే చోటికి పంపే వ్యాపారి ఆమెకు తెలుసు. ఆ రోజు నుంచి ఇంటింటి గేటుకూ ఒక ఖాళీ పచ్చడి సీసా వేలాడింది. పగిలిన గాజు అందులోకే. అది నేలకు ఆనదు, ఎవరి కాలూ దానికి తగలదు. అందరికీ నచ్చింది.

ఇక మిగిలింది ఆ రైతు. అక్కా నేనూ మార్కెట్‌లో బస్తాల మధ్య ఆయన్ను వెతికి పట్టుకున్నాం.

"ఒక్కసారి వచ్చి చూడు కాకా."

"చూసుడేంది, నా కాలు చూసింది గదా."

"మంచిగ లేకపోతే ఇంకెన్నడు నీ ట్రాక్టరుకు అడ్డం రాను. ఒట్టు."

ఆయన ఆకాశం కేసి చూశాడు. అప్పటికే మబ్బులు పడుతున్నాయి. పొలానికి ఎరువు తోలుకోవాల్సిన రోజులవి. గొణుక్కుంటూనే ట్రాక్టరు మా గల్లీకి తిప్పాడు.

షెడ్డు ముందు అక్క ఎరువును ఈ చివరి నుంచి ఆ చివరి దాకా పలచగా పరిచి ఉంచింది. గల్లీ ఆడవాళ్లంతా గోడ పొడుగునా నిలబడ్డారు.

"ముందుగాల నువ్వు నడువు," అన్నాడు రైతు.

అక్క చెప్పులు అప్పటికే విప్పేసి ఉంది. నడిచింది. వెనకే పెద్దామె నడిచింది. ఆ వెనక మా ఆవిడ చీర కుచ్చిళ్లు ఎత్తిపట్టుకుని, మోకాళ్ల నొప్పులతోనే, అటు చివరిదాకా నడిచింది. అప్పుడు రైతు చెప్పులు విడిచాడు. కోసుకున్న కాలే ముందు పెట్టాడు. మడమ నొక్కి నొక్కి, పొలం గట్టు కొలిచినట్టు, అటు చివరికి పోయి ఇటు తిరిగి వచ్చాడు. వంగి పిడికెడు తీసి పిసికి, ముక్కు దగ్గర పెట్టుకున్నాడు. గట్టిగా తుమ్మాడు.

"మిరపకాయ ఘాటొస్తాంది గదనే?"

"మా గల్లీ ఎరువు గదా కాకా. పురుగు సుత పారిపోతది."

ఆయన మొదటిసారి నవ్వాడు. "ట్రాక్టరు ఎనుకకు తిప్పుతాన్న. జరగుండ్రి."

ఆ వారంలో ఆయన ఊరి నుంచి ఇంకో మూడు ట్రాక్టర్లు వచ్చాయి. మిర్చితో వచ్చినవి మా వంటిళ్ల ఎరువుతో తిరిగి వెళ్లాయి. తొలకరికి ముందు అధికారి వచ్చేసరికి షెడ్డు నేలమీద చీపురు గీతలు తప్ప ఏమీ లేవు. ఆయన గుమ్మంలోనే ఆగిపోయాడు.

"ఎరువేదమ్మా?"

"కేసముద్రం తొవ్వల ఉన్నది సారు. పోతే కలుస్తరు," అంది అక్క.

మా వార్డు లారీ ఆగిపోయింది. మిగిలే కొద్ది పొడి చెత్తకు వారానికోసారి వచ్చే చిన్న బండి చాలింది. యార్డులో కొండ ఇంకా అట్లాగే ఉంది. దాన్ని తవ్వి తీయడానికి ఎన్నేళ్లు పడుతుందో నాకు తెలియదు. కానీ మా గల్లీ ఇప్పుడు దాని మీద ఒక్క అరటి తొక్క కూడా వేయడం లేదు.

అక్క తల్లికి ఫోన్ చేసి సంగతి చెప్పినప్పుడు నేను పక్కనే ఉన్నాను. ముసలామె నమ్మలేదట. నీలం పరదా లారీ ఏ పూట వస్తుందో తనకు తెలుసనీ, వాకిట్లో కూర్చుని తానే చూస్తాననీ అంది. వరసగా కొన్నాళ్లు చూసింది. ఒక సాయంత్రం అక్క షెడ్డులో కొత్త ఎరువు కుప్ప తిరగేస్తుంటే ఫోన్ మోగింది. చేతులకు ఎరువు అంటి ఉందని స్పీకరు నన్ను నొక్కమంది.

"ఇయ్యాల సుత రాలే బిడ్డా," అంది ముసలామె గొంతు. "వాకిట్ల మంచమేసుకొని అన్నం తింటాన్న."