ఎవాంథియా నల్లబట్టలు

ఎవాంథియాకు సినిమాల్లో మనుషుల్ని నవ్వించాలని ఉండేది. ఆ విద్య ఆమెకు పుట్టుకతోనే వచ్చింది. ఏథెన్సు పక్కన కొక్కినియా కాందిశీకుల పేటలో, కుళాయి దగ్గర ఆమె నోరు విప్పితే బిందెలు నిండి పొర్లిపోతున్నా ఆడవాళ్ళు కదిలేవారు కాదు. స్టూడియోలో మాత్రం ఆమెకు దక్కేవి ఒక్క మాట వేషాలే. కాఫీ తెచ్చే పనిమనిషి, లేకపోతే తలుపు తీసే ఇల్లాలు.

చిన్న వేషాల వాళ్ళు ఎవరి బట్టలు వాళ్ళే తెచ్చుకోవాలి. అక్కడి రివాజు అది. మంచి గౌన్లున్న మనిషికే వేషాలు. అందుకే ఎవాంథియా కడుపు మాడ్చుకుని నాలుగు పూలగౌన్లు కుట్టించుకుంది. ముప్ఫై దాటాక, ఒక ఎండాకాలం, ఎట్టకేలకు అదృష్టం కలిసొచ్చింది. వీధిలో కుదిరిన ప్రతి పెళ్ళినీ చెడగొట్టే వాగుడుకాయ పొరుగింటామె వేషం. సినిమా మొదటినుంచి చివరిదాకా ఉంటుంది, పోస్టరు మీద పేరు పడుతుంది.

సోమవారం షూటింగనగా గురువారం వాళ్ళమ్మ పోయింది.

శ్మశానం నుంచి ఇంటికొచ్చేసరికి పెరట్లో కాగు కింద మంట మండుతోంది. అమ్మ చెల్లెలు మార్గీ పిన్ని కర్రతో కలియబెడుతోంది. ఆ పేటలో ఎవరు పోయినా ఆ ఇంటి ఆడవాళ్ళ బట్టలు నల్లరంగులో మునగాల్సిందే. అక్క కూతురికి ఆ శ్రమ లేకుండా పిన్నే పూనుకుంది. నాలుగు గౌన్లూ కాగులోనే ఉన్నాయి.

"ఎంత పని చేశావు పిన్నీ! సోమవారం నేనేం వేసుకుని పోను?"

"ఇప్పుడేమైందే? మీది నలుపూ తెలుపూ సినిమాయేగా! అందులో ఏ రంగైతే ఎవరికి తెలుస్తుంది?"

పిన్నిని తిట్టడానికి ఎవాంథియాకు నోరు రాలేదు. ఆమె చేతులు మోచేతుల దాకా నల్లబడి ఉన్నాయి. అక్క కోసం ఏడ్చి ఏడ్చి కళ్ళు వాచిపోయాయి.

ఒక గౌను అరువడుగుదామని వెళ్తే పక్కింటి ఫోతిని తలుపు సగమే తీసింది.

"గౌనుదేముందక్కా, ఇద్దును. కానీ అమ్మ మట్టి ఆరకముందే నువ్వు పూలగౌనేసుకుంటే నిన్నొక్కదాన్నే అంటారా? ఇచ్చిన నన్ను కూడా ఉతికి ఆరేస్తారు."

సోమవారం నల్లగౌనుతోనే వెళ్ళింది. ఒక్క మాట పొల్లుపోకుండా ఆ నవ్వుల మాటలన్నీ చెప్పింది. ఎవరూ నవ్వలేదు. లైట్లు పట్టుకునేవాళ్ళు టోపీలు తీసి నిలబడ్డారు.

"ఎవరు పోయారమ్మా?" అన్నాడు డైరెక్టరు.

"మా అమ్మండి."

"అయ్యో! దేవుడు నీకు ఓపికనివ్వాలి. ఈ వేషం ఇంకెవరికైనా ఇస్తాలే. వచ్చే సినిమాలో శవం పక్కన ఏడ్చే తల్లి కావాలి. బట్టలు ఎలాగూ ఉన్నాయిగా!"

ఆ తల్లి వేషంలో ఆమె నిజంగానే ఏడ్చింది. సగం అమ్మ కోసం, సగం పోయిన వేషం కోసం. అద్భుతమన్నారు. ఇంక అంతే. కొడుకు జైలుపాలైన తల్లి, ఓడతో పాటు మొగుణ్ణి పోగొట్టుకున్న ఇల్లాలు, ఏదైనా నల్లబట్టలే. సంతాపం మూడేళ్ళూ నిండి నలుపు విడిచాక కొత్త పూలగౌనుతో స్టూడియోకు వెళ్తే, గుమాస్తా తలెత్తి, "ఎవరు కావాలండీ?" అన్నాడు. ఇంటికి తిరిగొచ్చి మళ్ళీ నల్లగౌనే తొడుక్కుంది. ఏళ్ళు గడిచేకొద్దీ శవపేటికల పక్కన మోకరిల్లి మోకాళ్ళు అరిగాయి, ఏడుపంటే విసుగు పుట్టింది. ఎంత విసుగున్నా కన్నీళ్ళు మాత్రం టంచనుగా వచ్చేవి.

ఒక ఆదివారం ముసలి పిన్నిని పేటలోని ఆరుబయట సినిమాకు తీసుకెళ్ళింది. తెర మీద ఎవాంథియా గుండెలు బాదుకుంటోంది. చుట్టూ జనం ముక్కులు చీదుతున్నారు.

"మీ అమ్మ బతికుంటే ఎంత మురిసిపోయేదో!" అంది పిన్ని కళ్ళు తుడుచుకుంటూ.

"అమ్మా? ఏడుపు సినిమా అంటే అమ్మకి ఒళ్ళుమంట పిన్నీ. సగంలో లేచెళ్ళిపోయేది. నేను జనాన్ని నవ్విస్తుంటే చూడాలని ఉండేది ఆవిడకి. నాకూ అదే..."

పిన్ని తెర మీంచి చూపు తిప్పకుండానే ఆమె చేతి మీద ఒక్కటేసింది.

"ష్! నోర్ముయ్యవే. అది అంత చక్కగా ఏడుస్తుంటే మధ్యలో నీ గోలేంటి?"