పటం అడుగు కోసిన చెయ్యి

రాజగోపాల్ ఒకచోట కుదురుగా కూర్చున్నాడంటే జ్వరమేమోనని ఇంట్లోవాళ్ళు నుదురు ముట్టి చూసేవాళ్ళు. నగర్తపేటలో దేవుడి పటాలు కట్టే అంగడి వాళ్ళది, తాతల నాటిది. తమ్ముడు చంద్రశేఖర్ గల్లాపెట్టె ముందు కూర్చుంటే సాయంత్రందాకా కదలడు. అన్నగారు మాత్రం కాలుగాలిన పిల్లి. పటం తగిలించి, నాలుగడుగులు వెనక్కి నడిచి చూసి, మళ్ళీ మేకు పీకి ఇంకోచోట కొట్టేవాడు. ఆ గోడకు ప్రాణముంటే ఎప్పుడో పారిపోయేది.

1993లో ఒక చిత్రకారుడు ఫ్రేములు కట్టించుకోవడానికి వచ్చి, ఇన్ని బొమ్మలు వేశాను గానీ తగిలించడానికి ఈ ఊళ్ళో గోడే దొరకలేదని వాపోయాడు. అంగడి పైన చట్రాల కర్రలు పడేసిన పొడుగాటి హాలుంది. దాన్ని రిబ్బన్ల సెట్టికి గోడౌనుగా ఇద్దామని తమ్ముడు ఎన్నాళ్ళుగానో పోరుతున్నాడు. రాజగోపాల్ ఆ వారంలోనే కర్రలు దించేసి, సున్నం కొట్టించి, లైట్లు పెట్టించి, గుమ్మం మీద ‘మేడ’ అని బోర్డు రాయించాడు. తమ్ముడు పది రోజులు మాట్లాడలేదు. మాట్లాడకపోవడం గమనించే తీరిక అన్నకు లేదు.

మొదటి ప్రదర్శనకు పేటంతా కదిలొచ్చింది. చెప్పులు మెట్ల కిందే విడిచి వచ్చారు. ఒక పెద్దావిడ నీలంరంగు కనబడగానే కృష్ణుడనుకుని కళ్ళకద్దుకుంది. తీరా అది కిరసనాయిలు డ్రమ్ము. చిత్రకారుడు నొచ్చుకున్నాడు గానీ రాజగోపాల్‌కు మాత్రం పండగైపోయింది. ఆనాటి నుంచి మేడకు ఒక పద్ధతి పడింది. పెద్ద హాళ్ళలో ఒక్కో ప్రదర్శన నెలరోజులు నడిస్తే ఇక్కడ రెండు వారాలే, ఎందుకంటే మూడో వారానికి యజమానికి కాళ్ళు దురద పెట్టేవి. ఎవరి గోడా ఎక్కని కొత్తవాళ్ళకే ముందు చోటు. పేపర్లవాళ్ళు రావడం మొదలైంది. తమ్ముడు కూడా దారికొచ్చి, వచ్చినవాళ్ళకు కాఫీ తెప్పించేవాడు.

1998 దసరాకు ముందు ఫర్హానా వచ్చింది. కాడుగోడిలో ఉంటుంది, బడిలో డ్రాయింగ్ టీచరు. వాళ్ళ అబ్బా, అంటే నాన్న, గుంతకల్లు నుంచి వచ్చినవాడు, రోజూ రైలుపట్టాల వెంట నడుస్తూ వదులైన బందులు సుత్తితో బిగించడం ఆయన ఉద్యోగం. ఆమె బొమ్మలన్నీ ఆ పట్టాలే. కాగితం పైభాగంలో సన్నగా పట్టాలు, కింద అంతా తెల్లగా ఖాళీ. అట్టడుగున మాత్రం వంకరటింకర పెన్సిల్ గీత ఒకటి. అది ఆమె గీసింది కాదు. పక్షవాతంతో మంచాన పడిన అబ్బా ఈ బొమ్మలు చూసి, పట్టాలు గీసినావు గానీ నేల ఏదని అడిగి, ఎడమచేత్తో ఒక్కో కాగితానికీ నేల గీశాడట. ఆ తర్వాత కొన్నాళ్ళకే పోయాడు. ఇదంతా ఆమె చెప్పింది. రాజగోపాల్ ఊ కొట్టాడు. ఏ బొమ్మ ఏ గోడకు పెట్టాలా అని హాలు ఈ చివరి నుంచి ఆ చివరికి తిరుగుతూ ఊ కొట్టాడు. ఒక చెవి మాత్రమే ఆమెకిచ్చాడు, అదీ సగమే.

ఆయుధపూజ ముందురోజు అంగడిలో ఊపిరాడని పని. బొమ్మసంద్ర ఫ్యాక్టరీవాళ్ళ చాముండేశ్వరి పటం బల్ల మీదుంది. మైదాపిండి జిగురు ఉడుకుతోంది. అది చిక్కబడేదాకా చేతులు ఊరుకోక రాజగోపాల్ ఫర్హానా కాగితం ఒకటి ముందుకు లాక్కున్నాడు. పటాలు కట్టేవాళ్ళకు ఒక అలవాటుంటుంది. క్యాలెండరు దేవుడొస్తే ముందు అడుగు కోసేస్తారు, అక్కడ అచ్చేసిన వ్యాపారి పేరు పోవాలని. దేవుడి కాళ్ళ కింద సెట్టి అడ్రసేమిటని వాళ్ళ నాన్న అనేవాడు. స్కేలు పెట్టడం, కత్తి లాగడం రెప్పపాటులో అయిపోయాయి. తెగిన ముక్క మంచి మందపాటి కాగితం, పారేయబుద్ధి కాలేదు. బొద్దింకలు దూరకుండా పటాల వెనక సందు మూయడానికి ఇలాంటివే అంటిస్తారు. అమ్మవారి వెనక అంటించి పంపేశాడు.

రెండో కాగితం తీస్తే అదే చోట అదే వంకర గీత. అప్పుడు విన్న మాటలన్నీ ఒక్కసారి చెవిలో పడ్డాయి.

తమ్ముడు తేలిగ్గా తీసుకున్నాడు. “అంచు అట్ట కింద దాగిపోతాదిలే అన్నా. ఎవురికి తెలుస్తాది?”

నిజమే, ఎవరికీ తెలియదు. రాజగోపాల్ మెట్లెక్కాడు, దిగాడు, మళ్ళీ ఎక్కాడు. పోయిన మనిషి చివరి గీత. ఇంకోటి గీయించుకుందామన్నా మనిషి లేడు. చెప్తే ఆ పిల్ల మొదటి ప్రదర్శన ఏమవుతుందో తెలియదు, చెప్పకపోతే తనేమవుతాడో తెలుసు. చివరికి స్కూటరు తీసి కాడుగోడి వెళ్ళి గుమ్మంలోనే నిలబడి చెప్పేశాడు. ఫర్హానా ఏడవలేదు, అరవలేదు. ఆ ముక్క ఎక్కడుందని మాత్రం అడిగింది.

మర్నాడు ఇద్దరూ బొమ్మసంద్ర వెళ్ళారు. అప్పటికే పూజ అయిపోయింది. యంత్రాలన్నిటికీ విభూతి, కుంకుమ పెట్టారు. చాముండేశ్వరికి మోకాళ్ళదాకా పూలదండ వేశారు. సూపర్‌వైజర్ వెంకటగిరియప్ప కుదరదన్నాడు.

“పూజ పడిన పటం దించగూడదప్పా. నిన్న మీ అంగడిలో నువ్వే చెప్తివి కదా.”

తనే చెప్పాడు. ముప్పై ఏళ్ళుగా కొన్న ప్రతివాడికీ చెప్తూనే ఉన్నాడు. రాజగోపాల్ చేతులు జోడించి, తప్పు నాది, అమ్మది కాదు అని, స్టూలెక్కి దండ తీశాడు. పనివాళ్ళు గొణుగుతున్నారు. ఒకడు బయటికి వెళ్ళిపోయాడు. అమ్మవారిని దించి కొత్త గుడ్డ మీద బోర్లా పెట్టాడు. గీత బయటివైపే ఉంది. తడిగుడ్డ అద్దుతూ అద్దుతూ ముక్క ఊడదీశాడు. మధ్యలో కాస్త చిరిగింది. అరిచేతిలో పెట్టి ఫర్హానాకు ఇచ్చాడు.

బయటికొచ్చాక ఆమె అంది. “మీ మీద కోపం లేదన్నా. కావాలని చేసింటే కొట్లాడేదాన్ని. మీ చెయ్యి దానంతటది చేసేసింది. ఆ చేతికి మా అబ్బాను మళ్ళా ఇయ్యలేను.”

బొమ్మలన్నీ పట్టుకెళ్ళిపోయింది. ప్రారంభం రోజున పిలుపులందుకున్నవాళ్ళు మెట్లెక్కి వచ్చారు. గోడలకు మేకులు తప్ప ఏమీ లేవు. ఇదే ప్రదర్శనేమో అనుకుని ఒకాయన చాలాసేపు నిలబడి తలాడించి వెళ్ళాడు. మిగతావాళ్ళకు రాజగోపాల్ ఎదురెళ్ళి, నేనే చెడగొట్టినానని ఒక్కొక్కరికీ చెప్పాడు.

ఆ తర్వాత మేడలో ఏ బొమ్మకూ ఆయన ఫ్రేము కట్టలేదు. తీగ లాగి క్లిప్పులతో తగిలించేవాడు. ఇది కొత్త దృష్టి అని ఒక పేపరు మెచ్చుకుంటూ రాసింది. తమ్ముడు గట్టిగా చదివి వినిపిస్తుంటే ఆయన మధ్యలోనే లేచి వెళ్ళిపోయాడు. కింద దేవుళ్ళకు మాత్రం కడుతూనే ఉన్నాడు. దేవుళ్ళు ఏమీ అనరు కదా.

2006లో ఒక మధ్యాహ్నం ఫర్హానా మెట్లెక్కి వచ్చింది. అప్పటికి పేరున్న మనిషి, పెద్ద హాళ్ళలో ఆమె బొమ్మలు తగిలిస్తున్నారు. చంకలో ఆ పాత పట్టాల బొమ్మల చుట్ట ఉంది. బల్ల మీద పరిస్తే అడుగు తెగిన కాగితం ఒక్కటే పొట్టిగా కనబడింది. వీటికి ఫ్రేములు కట్టమంది. రాజగోపాల్ చేతులు వెనక్కి పెట్టుకున్నాడు.

“ఈ చెయ్యి వద్దమ్మా. నాకే దీని మీద నమ్మకం లేదు.”

“ఇన్నేళ్ళలో శానామంది చేత కట్టించుకున్నా. అడుగున ఇంత ఖాళీ ఎందుకని అందరూ అడిగినోళ్ళే. ఆ గీత కోసరం అమ్మవారిని బోర్లా పెట్టినోళ్ళు మీరొకరే. కట్టండన్నా. కత్తి మటుకు నా దగ్గర ఉంటాది.”

ఆయన చాలాసేపు కాగితాల చుట్టూ తిరిగాడు. కళ్ళు తుడుచుకుని స్టూలు లాక్కున్నాడు.

“ముందు పొట్టిదియ్యమ్మా,” అన్నాడు.